ఒకటో మీటరు గీత

గోస్తని పుట్టే చోటును నేను ఏడుసార్లు చూశాను. ఏడుసార్లూ అది ఒక్కచోట లేదు. అనంతగిరి కొండల మీద, ఒక కాఫీ తోట వెనుక పల్లంలో, అక్టోబరులో నీరు ఉబికే రాయి ఒకటి ఉంది. ఏప్రిల్లో వెళ్తే అదే రాయి పొడిగా ఉంటుంది; దానికి నూట నలభై అడుగుల దిగువన, మరో రాళ్ల సందులో తడి కనిపిస్తుంది. నది పొడవు కొలవాలంటే టేపు మొదటి కొస ఎక్కడ పెట్టాలన్నది ఇరవై ఏడేళ్లుగా నాకు తేలలేదు. రెండో కొస విషయంలో సందేహం లేదు. భీమునిపట్నం దగ్గర ఇసుక మేటను దాటి నది సముద్రంలో కలుస్తుంది. మధ్యలో ఉన్నది సుమారు నూట ఇరవై కిలోమీటర్లు.

ఇది ఆ నది గురించి రాస్తున్నదే అయినా, అందులో ఒక రేవు దగ్గర నేను గీసిన ఒక గీత గురించి ఎక్కువగా రాయవలసి వస్తోంది. ఆ గీతను నమ్మి ఒక ఇల్లాలు నీటిలో దిగింది. తన కళ్లే తప్పు చూశాయని ఆమె భర్త నమ్మాడు. అతనికి నిజం చెప్పాలా వద్దా అని నేను తొంభై రోజులు తూచాను. ఆగస్టు ఇరవై ఒకటి నుంచి నవంబరు పంతొమ్మిది వరకు లెక్క వేస్తే సరిగ్గా తొంభై.

నా ఉద్యోగం నీటిని కొలవడం. మా నాన్న గోదావరి జిల్లా నుంచి విశాఖ పోర్టు కొలువుకు వచ్చాడు. ఆయన ఓడల లోతు కొలిచిన ఊళ్లో నేను నదుల లోతు కొలుస్తూ యాభై మూడేళ్ల వాణ్ణయ్యాను. గోపాలపట్నంలో మూడో అంతస్తులో మా ఇల్లు. కుళాయి రోజు విడిచి రోజు నలభై అయిదు నిమిషాలు వస్తుంది. పదకొండు బిందెలు, రెండు డ్రమ్ములు నిండుతాయి. ఆ నీరు మేఘాద్రిగెడ్డ జలాశయానిదో, తాటిపూడి నుంచి వచ్చిన గోస్తనిదో, రెండూ కలిసినదో నిక్కచ్చిగా చెప్పలేను. నా వృత్తిలో ఉన్నవాడు చెప్పలేకపోవడం సిగ్గుపడవలసిన సంగతే, అయినా చెప్పలేను.

ఉద్యోగంలో చేరిన ఏడాది నుంచి దినచర్య రాస్తున్నాను. తేదీ, బయలుదేరిన వేళ, చేరిన వేళ, నీటిమట్టం, ఎవరు ఏమన్నారో ఒకటి రెండు ముక్కలు. ఇరవై ఏడు పుస్తకాలు బీరువా కింది అరలో ఉన్నాయి. ఇందులో రాస్తున్న ప్రతి తేదీనీ వాటిలో చూసుకునే రాస్తున్నాను.

కొండల్లో ఉన్నంతసేపూ గోస్తనిని నది అనడానికి నోరు రాదు. అక్కడివాళ్లు గెడ్డ అంటారు. బొర్రా గుహల దగ్గర సున్నపురాతిని తొలిచి, చీకట్లో దూరి, వేరే రంగుతో బయటపడుతుంది. అక్కడి నుంచి మైదానానికి దిగేదాకా దానికి ఒక నిలకడ లేదు. పైన గంట వాన కురిస్తే కింద గంటన్నరకు నీరు ఎర్రబడుతుంది. మరో పావుగంటలో రేవు మునుగుతుంది. మర్నాటికి మళ్లీ చీలమండల లోతు. మనిషెత్తు బండలను రాత్రికి రాత్రి దొర్లించుకుపోతుంది. తాటిపూడి జలాశయంలో పడ్డాక ఆ ఏరు ఇదేనా అన్నంత నెమ్మదిస్తుంది. తర్వాత పొలాలు, ఊటబావులు, పైపులు, చివరికి సముద్రం.

పై ఊళ్లవాళ్లు నది పక్కనే ఉన్నా తాగే నీరు నదిలో ముంచరు. ఇసుకలో చేతి లోతు చెలమ తవ్వి, ఊరేదాకా కూర్చుని, సొరకాయ బుర్రతో తోడుకుంటారు. నదిని మిగతా అన్నింటికీ వాడతారు. రాళ్లు పేర్చి అడ్డుకట్ట వేసి పక్కనున్న మడులకు నీరు తిప్పుతారు. వాలుకు వెదురు బుట్టలు కట్టి చేపలు పడతారు. పసుపు ఉడకబెట్టి కడిగే వారాల్లో అర ఫర్లాంగు దాకా నీరు పచ్చగా పారుతుంది. పశువులను అందులోనే కడుగుతారు, పోయినవాళ్లకు స్నానం చేయించే నీరూ అక్కడిదే. ఆదివారాల్లో నగరం నుంచి కార్లు వచ్చి సీసాలు, ఇస్తరాకులు వదిలి వెళ్తాయి. అన్నిటికంటే పెద్ద వాడుక మాత్రం దాటడమే. నేను చెప్పబోతున్న రేవు దగ్గర ఊరు ఒక గట్టున, బస్సు రోడ్డూ వారం సంతా రెండో గట్టున. వంతెన కావాలంటే రైలు వంతెన దాకా ఎనిమిది కిలోమీటర్లు నడవాలి; దాని మీద మనుషులు నడవకూడదు.

ఆ రేవుకు ఇరవై గజాల ఎగువన మా గేజీ స్తంభం ఉంది. గేజీ అంటే మరేమీ లేదు, నీటిమట్టం చూడడానికి సెంటీమీటర్ల గీతలు గీసిన సిమెంటు స్తంభం. ప్రతి మీటరుకూ ఒక నల్లటి లావు గీత. రోజూ ఉదయం ఎనిమిదింటికి, సాయంత్రం అయిదింటికి మట్టం చూసి రిజిస్టరులో ఎక్కించడానికి ఆ ఊరి మనిషినే పెట్టాం. నాకంటే రెండేళ్లు చిన్నవాడు. మొదటి ఏడాది నన్ను సార్ అన్నాడు. రెండో ఏడాది జులైలో నేను రేవులో కాలు జారి పడితే జుట్టు పట్టి బయటికి లాగి, ‘ఇంక సారేటి, బావ అంతాను’ అన్నాడు. అప్పటి నుంచి బావే. ఆ లెక్కన అతని భార్య నన్ను అన్న అని పిలిచేది, నేను చెల్లీ అనేవాణ్ణి.

ఆమె నోరు ఊరుకునేది కాదు. గట్టున కూర్చుని నేను పుస్తకం తీస్తే చాలు.

‘ఏటన్నా, మా గెడ్డని ఇయ్యాల కూడా రాసేసుకుంటన్నావా? అంతా రాసుకుని ఇసాపట్నం పట్టుకుపోతే మాకేటి మిగుల్తాది?’

‘నీళ్లు మీకే వదిలేస్తున్నాను చెల్లీ. అంకెలే పట్టుకెళ్తున్నాను.’

‘అంకెలు ముందెల్తే నీల్లు ఎనకాలే ఎల్తాయి. మాకు తెల్దేటి!’

ఆమె అన్నదాంట్లో తప్పేమీ లేదని నాకు తెలుసు. ఆ రోజు దినచర్యలో ఆ మాట ఉంది.

ఆరేళ్ల కిందట, జులై తొమ్మిదిన, ఆమే నాకు మరో సంగతి చెప్పింది. అంతకు రెండేళ్ల ముందు ఒక పెద్ద వరద వచ్చింది. పూర్వం రేవుకు ఎగువన ఒక బండ ఉండేదట. బండ నడుము తడిస్తే దాటడం మానేసేవారట. ఆ వరదకు బండ దొర్లిపోయింది. మా స్తంభం కూడా అప్పుడే ఒరిగింది. ఆ గేజీ అప్పటికి నా చేతికి రాలేదు; నాకు ముందు చూసినవారు దాన్ని మళ్లీ నిలబెట్టారు. చూసుకోవడానికి బండ లేక, ఊరివాళ్లు స్తంభాన్ని చూడడం మొదలుపెట్టారు.

‘నల్లగీత మునిగితే సంత నేదు. మునక్కపోతే సంతుంది. అదేనన్నా మా లెక్క’ అంది.

నేను చాలా సంతోషించాను. మా శాఖ రికార్డు కోసం పెట్టిన గీత అక్షరం రాని మనుషులకు కూడా పనికొస్తోందని. దినచర్యలో ఇలా రాసుకున్నాను: ‘రేవు దాటడానికి ఒకటో మీటరు గీతను గుర్తుగా వాడుకుంటున్నారు. ఆ మట్టంలో రేవు నడిమధ్య నీరు మోకాలి చిప్పకు కొంచెం పైన. కొలిచి చూశాను, సరిపోయింది.’ ఈ వాక్యం నా చేతిరాతలో ఉంది. నాకు తెలియదు అనడానికి వీలు లేకుండా ఉంది.

స్తంభాన్ని తిరిగి నిలబెట్టినవారు దాని సున్నాను కొలిచి పెట్టలేదు, కంటితో పెట్టారు. అది నాకు మొదటి నుంచీ అనుమానమే. తేల్చుకోవాలంటే బెంచి మార్కు కావాలి, అంటే ఎత్తు ఖాయంగా తెలిసిన ఒక రాతి గుర్తు. అది ఆ వరదకే కొండచరియ మట్టి కింద పూడిపోయింది. పోయిన మే నెలలో అక్కడి ఒక తోటకు దారి తవ్వుతుంటే బయటపడింది. మే పద్నాలుగున ఎత్తులు సరిచూసే లెవెల్ యంత్రం పట్టుకుని వెళ్లాను. మూడుసార్లు కొలిచాను. మూడుసార్లూ ఒకటే వచ్చింది. స్తంభం ఉండవలసినదానికంటే ముప్పై రెండు సెంటీమీటర్లు కిందకు ఉంది. ఎనిమిదేళ్లుగా మేం రాసిన ప్రతి మట్టమూ అంత ఎక్కువ. ఆ అంకెలతోనే ఎన్నో లెక్కలు కట్టారు.

ఆ మధ్యాహ్నం నాకు కలిగిన సంతృప్తిని ఇప్పుడు తలచుకోవడం కష్టంగా ఉంది. బావ ఇనుప బ్రష్షుతో పాత గీతలన్నీ గీకేశాడు. రంగు డబ్బా అతను పట్టుకుంటే నేను కొత్త గీతలు గీశాను. ఒకటో మీటరు గీత స్తంభం మీద ముప్పై రెండు సెంటీమీటర్లు పైకి వెళ్లింది. అంటే జానెన్నర. నీళ్ల బిందె చంకన పెట్టుకుని చెల్లి చూస్తూ నిలబడింది.

‘ఏటి బావ, గీత పైకెక్కిపోనాదేటి?’ అన్నాడు అతను.

‘ఇన్నాళ్లూ ఉన్న లెక్క తప్పు. ఇది సరైన లెక్క’ అన్నాను.

‘అయితే ఇన్నాల్లూ జానెన్నర ఊరికే బయపడిపోనామా? పోయినేడు నాలుగు సంతలు మానేసినాం కదన్నా!’ అని ఆమె పకపకా నవ్వింది.

‘సూసినావా, గవర్నమెంటోల్లు తప్పు రాత్తే మనకి సంత నేకుండా పోనాది’ అన్నాడు బావ.

నేను కూడా నవ్వాను. రైల్లో తిరిగి వస్తూ ఆమె మాటను పూర్తిగా, ఆ యాసలోనే దినచర్యలో రాసుకున్నాను. పక్కన ‘చమత్కారం’ అని కూడా రాశాను. ఆమె చమత్కారం ఆడలేదని, కొత్త లెక్కను తన బతుకులోకి తర్జుమా చేసుకుందని నాకు తోచలేదు. నా మనసంతా మిల్లీమీటర్ల మీద ఉంది. గీత మారింది కాబట్టి మీరు దాటే గుర్తు కూడా మారింది, ఇకపై నీరు దీని కంటే జానెన్నర కింద ఉండగానే ఆగిపోండి. ఇంతే చెప్పవలసింది. చెప్పడానికి అర నిమిషం పట్టదు. పరిశీలన నివేదికలో పదకొండు అంశాలు రాశాను. అందులో ఇది లేదు.

జూన్, జులై నెలల్లో సంతరోజున నీరు ఎప్పుడూ కొత్త గీత దరిదాపులకు రాలేదు. రిజిస్టరు చూసి చెబుతున్నాను. మొదటిసారి వచ్చినది ఆగస్టు ఇరవై ఒకటి.

ఆ ఉదయం జరిగినది బావ నాకు తర్వాత చెప్పాడు, ఒకసారి కాదు, వెళ్లిన ప్రతిసారీ. ఎనిమిదింటికి మట్టం చూశాడు. సున్నా పాయింటు తొంభై మూడు. నీరు ఎర్రగా ఉంది, అడుగున రాళ్లు కనిపించడం లేదు. ఆమె అనాసపళ్ల బుట్ట నెత్తిన పెట్టుకుని, ఇంకో ఇద్దరు ఆడవాళ్లతో రేవుకు దిగింది.

‘మునిగిందేటి?’ అని అరిచిందట.

‘నేదు, ఇంకా బెత్తెడు తక్కువే ఉంది. ఎల్లు, బేగి వచ్చీ’ అన్నాడట.

పాత లెక్కలో ఆ మట్టం ఒక మీటరు ఇరవై అయిదు. పాత గీత ఉన్నట్లయితే జానెడు లోతున మునిగి ఉండేది, ఆ రోజు ఎవరూ దిగేవారు కారు. వెనకనున్న ఇద్దరూ తొడల దాకా నీరు రాగానే ఆగిపోయారు. ఆమె అప్పటికే నడిమధ్యలో ఉంది; వాళ్లు చూస్తుండగానే నీరు లాక్కుపోయింది. బుట్ట వదల్లేదని వాళ్లు చెప్పారు. మూడో రోజు మధ్యాహ్నం, దిగువన మడులకు నీరు తిప్పే అడ్డుకట్ట దగ్గర దొరికింది.

నేను వెళ్లేసరికి దినకర్మలు కూడా అయిపోయాయి. రిజిస్టరు అడిగితే తెచ్చి ఇచ్చాడు. ఇరవై ఒకటో తేదీ ఉదయం గడిలో 0.93 అని స్పష్టంగా ఉంది. ఇరవై రెండు, ఇరవై మూడు ఖాళీ. ఇరవై నాలుగు నుంచి ప్రతి గడిలోనూ ఒక అంకె వేసి కొట్టేసి, మళ్లీ వేసి, మళ్లీ కొట్టేసి ఉంది.

‘సదవడం నాకే తప్పిపోనాది బావ. తొంబై మూడు కాదేమో. నూట మూడేమో. నా కల్లు పోనాయి’ అన్నాడు.

ఆ క్షణంలో చెప్పవలసింది. చెప్పలేదు. ‘అలా అనుకోకు’ అన్నాను, అంతే.

సెప్టెంబరులో రెండుసార్లు, అక్టోబరులో ఒకసారి వెళ్లాను. రోజుకు రెండుసార్లు చూడవలసిన గేజీని అతను పది పన్నెండుసార్లు చూస్తున్నాడు. స్తంభం పక్కనున్న మెట్టు మీద బోర్లా పడుకుని, ముఖం నీటికి ఆనించి, వేలితో గీతలు లెక్కపెడుతున్నాడు. ఊళ్లో అతని గురించి అంటున్న మాట రేవులో బట్టలు ఉతుకుతున్న ఒక ముసలమ్మ నాకు వినిపించేటట్టే అంది. ‘గెడ్డని సూడ్డానికే జీతం తీసుకుంతన్నాడు. పెల్లాన్ని కాసుకోనేకపోనాడు.’ అతను అక్కడే ఉన్నాడు. తల ఎత్తలేదు.

అతని కళ్లు ఏ తప్పూ చేయలేదని ఈ భూమ్మీద లెక్కతో సహా చెప్పగలిగినవాణ్ణి నేనొక్కణ్ణే. మా కార్యాలయంలో ఎవరూ గీత జరగడాన్నీ ఆమె చావునూ కలిపి చూడలేదు. కొత్త సున్నాతో రికార్డు చక్కబడినందుకు నన్ను మెచ్చుకున్న కాగితం ఒకటి ఫైలులో ఉంది. రేవు దాటేవారి కోసం స్తంభం మీద సున్నా పాయింటు అరవై ఎనిమిది దగ్గర ఎర్ర గీత వేయడానికి అనుమతి అడిగాను. స్కేలు మీద వేరే గుర్తులు ఉండరాదని జవాబు వచ్చింది. నియమం అదే. ఆ నియమాన్ని కొత్తగా చేరిన వాళ్లకు నేనే ఎన్నోసార్లు నేర్పాను.

నా భార్యకు అక్టోబరు ముప్పైన చెప్పాను. కుళాయి వచ్చిన రోజు. బిందెలు ఒక్కొక్కటే అందిస్తూ మొత్తం చెప్పాను. ఏడో బిందె అందుకుంటూ ఆమె అడిగింది.

‘చెప్పేద్దామనుకుంటున్నారా?’

‘చెప్పాలి కదా.’

‘చెబితే మీ గుండె దిగుతుంది. అతనికేం దిగుతుంది?’

‘తన తప్పు లేదని తెలుస్తుంది. నిజం తెలుస్తుంది.’

‘నిజం తెలిసి ఏం చేసుకుంటాడండీ, అన్నంలో కలుపుకుంటాడా? ఆవిడ్ని వెళ్లమన్నది అతనే కదా. మీరు ఏ లెక్క చెప్పినా ఆ మాట అతని నోట్లోంచే కదా వచ్చింది?’

బిందె నిండి పొర్లుతోంటే ఆమే పక్కకు జరిపింది.

అయినా వెళ్లాను. నవంబరు పంతొమ్మిది, ఉదయం కిరండోల్ పాసింజరు. సంచిలో ఎర్ర రంగు డబ్బా, కుంచె ఉన్నాయి. అనుమతి లేకపోయినా గీత వేసి వద్దామనే అనుకున్నాను. ఆ నెలలో గెడ్డ తేటగా ఉంటుంది; అడుగున గులకరాళ్ల మచ్చలు కూడా కనిపిస్తాయి. గీత వేసే ముందు రేవు లోతును కర్రతో ఏడు చోట్ల కొలిచాను. ఆరేళ్ల కిందట కొలిచిన చోట్లే. అంచుల్లో ఇసుక మేట వేసింది. నడిమధ్యన ఏటి అడుగు నేల నలభై ఒక్క సెంటీమీటర్లు కోసుకుపోయింది. ఆగస్టు వరద పనో, తర్వాతి వానల పనో తెలియదు. అరవై ఎనిమిది దగ్గర గీత వేస్తే ఇప్పుడు ఆ మట్టంలో నీరు తొడల పైకి వస్తుంది. లెక్కకట్టి ఇంకా కిందకు వేయవచ్చు. వచ్చే వరదకు అడుగు మళ్లీ మారుతుంది. అప్పుడు ఆ గీత ఇంకొకరిని పంపుతుంది. డబ్బా మూత తీయకుండానే సంచిలో పెట్టేశాను.

బావ గట్టున కూర్చుని ఇదంతా చూస్తున్నాడు. బీడీ ఆరిపోయినా వేళ్ల మధ్యనే ఉంది. నేను వెళ్లి పక్కన కూర్చుని, వరసగా, తేదీలతో సహా చెప్పాను. ఆరేళ్ల కిందట చెల్లి నాకు గీత సంగతి చెప్పడం, మే నెలలో గీత జరపడం, పాత లెక్కలో ఆ రోజు నీరు ఎంత ఉన్నదీ, నేను చెప్పవలసి ఉండీ చెప్పని మాట.

అంతా విని అడిగాడు. ‘అయితే మే నెల్లో నువ్వు తప్పు కొలిసినావా?’

‘లేదు. సరిగ్గానే కొలిచాను.’

‘ఆ రోజు నాను తప్పు సూసినానా?’

‘లేదు బావా. నువ్వూ సరిగ్గానే చూశావు. తొంభై మూడే.’

‘నువ్వు సరిగ్గానే రాసినావు. నాను సరిగ్గానే సూసినాను. అది సరిగ్గానే దిగింది.’ ఒక్కొక్క మాటకూ ఒక్కొక్క వేలు ముడిచాడు. ‘మరెలా సచ్చిపోనాది?’

‘తప్పు నాది. చెప్పకపోవడం నా తప్పు. నన్ను తిట్టు.’

‘నిన్ను తిడితే ఏటొత్తాది? ఇంటికెల్లి అదీ రాసుకుంతావు.’

అందులో ఎగతాళి లేదు. ఉన్న మాట చెప్పినట్టే అన్నాడు. ఆరిపోయిన బీడీని నీటిలోకి విసిరాడు.

‘మూడు నెలల బట్టి నా కల్లని తిట్టుకుంతన్నాను. కల్లు పోనోడు పొరపడ్డాడు, అంతేలే అనుకుంతే ఒక ముద్ద దిగేది. ఇప్పుడు కల్లు బాగున్నాయంతన్నావు. బాగున్న కల్లెట్టుకుని నాను దాన్ని ఎల్లమన్నానా? ఎర్రనీల్లు సూసి ఎల్లమన్నానా? మా అయ్య బతికుంతే ఆ నీల్లలో మేకని దింపడు. నాను గీత సూసినాను గాని నీల్లు సూడనేదు.’

నేను తీసుకుందామని వెళ్లిన బరువు అతని మీదనే ఇంకా గట్టిగా కూర్చుంది. అయిదు దాటింది. గేజీ చూసే వేళ. అతను లేవలేదు, నేనూ గుర్తు చేయలేదు. పై మలుపులో రైలు కూత వినిపించింది.

‘ఎల్లు బావ, రైలెల్లిపోతాది’ అన్నాడు.

డిసెంబరు రిజిస్టరు జనవరి నాలుగున నా బల్ల మీదికి వచ్చింది. ఒక్క కొట్టివేత లేదు. అంకెలు గుండ్రంగా, ఒకే సిరాతో, ఒకే ఒత్తిడితో ఉన్నాయి. జనవరిదీ అంతే, ఫిబ్రవరిదీ, మార్చిదీ అంతే. పై అధికారి చూసి, మనిషి కోలుకున్నట్టున్నాడే అన్నారు. నేను అవునన్నాను. వారానికోసారి నీరు సరిగ్గా ఒక సెంటీమీటరు తగ్గుతోంది, నెలకోసారి రెండు సెంటీమీటర్లు పెరుగుతోంది. ఏ నదీ అలా తగ్గదు. జనవరిలో పైన వాన పడిన రెండు రోజులకు కూడా ఆ రిజిస్టరులో చలనం లేదు. ఇంట్లో కూర్చుని రాస్తున్నాడు. గెడ్డ వైపు రావడం మానేశాడని ఫిబ్రవరిలో వెళ్లినప్పుడు ఊళ్లో చెప్పారు. అతను నాకు కనబడలేదు. ఇంటి తలుపు దగ్గరగా వేసి ఉంది. పిలిస్తే లోపల దగ్గు వినిపించింది.

నాలుగు నెలల రిజిస్టర్ల మీదా ‘సరిచూడబడినది’ అని రాసి సంతకం చేశాను. ముప్పై రెండు సెంటీమీటర్ల తేడాకు కొండ మీద మూడుసార్లు యంత్రం నిలబెట్టినవాణ్ణి, ఇప్పుడు నీరే చూడని అంకెలను నగరానికి పంపుతున్నాను. వాటిని పట్టుకుని జలాశయానికి ఎంత నీరు చేరుతోందో, పైపులకు ఎంత వదలాలో ఎవరో కడుతూనే ఉంటారు. వేసవిలో ఆ తేడాతో పెద్ద ముప్పు లేదు. వానలు మొదలయ్యాక ఉంది. పైన నీరు పెరిగిందన్న కబురు దిగువకు మొదట ఆ గేజీ నుంచే వెళ్లాలి. ఆ పనికి మరొకరిని పెట్టాలంటే అతను దొంగ అంకెలు రాస్తున్నాడని నేను కాగితం మీద పెట్టాలి. పెడితే జీతం పోతుంది. దానితో పాటు, గెడ్డను చూడడానికి కూడా పనికిరాడన్న మాట ఊళ్లో ఖాయమవుతుంది.

ఈ రోజు ఏప్రిల్ ఇరవై. వానలు మొదలయ్యే జూన్ ఒకటికి నలభై రెండు రోజులున్నాయి. ఆ కాగితం నాలుగుసార్లు మొదలుపెట్టాను. తేదీ వేసి, విషయం అని రాసి, అక్కడ ఆగిపోయాను.